కొండదొంగ నుంచి నలభై నలుగురి దాకా

నటుడి జీవితమంటే పాత్రల పట్టిక రాయడం మనకు అలవాటు. స్లొవాక్ కళాకారుడు పల్యో బియెలిక్ (1910–1983) జీవితాన్ని అలా చదివితే అసలు విషయం జారిపోతుందని నా అభిప్రాయం. చరిత్రను నడిపేది వీరుడా, ప్రజలా అన్న ప్రశ్న ఆయన కృషి అంతటా కనిపిస్తుంది.

1935లో చెక్ దర్శకుడు మార్టిన్ ఫ్రిచ్ 'యానొషీక్' తీశాడు. ప్రభువులను దోచి పేదలకు పంచాడని జనం చెప్పుకునే, 1713లో మరణశిక్షకు గురైన కొండదొంగ కథ అది. ఆ పాత్ర పోలీసు ఉద్యోగి అయిన బియెలిక్‌కు దక్కింది. కొక్కేనికి వేలాడదీసే ముందు కూడా నృత్యం చేసిన ఆ వీరుడు జాతికి ప్రతీక అయ్యాడు. అయితే రైతులు అతని నీడలోనే ఉండిపోయారు.

1939లో హిట్లర్ అండతో స్లొవాక్ రాజ్యం ఏర్పడింది. ఆ కాలంలో బియెలిక్ ప్రభుత్వ వార్తాచిత్రాల సంస్థ 'నాస్తుప్'లో పనిచేశాడు. దీన్ని దాచి ఆయనను కీర్తించడం విమర్శ అనిపించుకోదు. 1944 ఆగస్టు 29న ఫాసిస్టు వ్యతిరేక తిరుగుబాటు మొదలైనప్పుడు ఆయన చిత్రీకరణ తిరుగుబాటుదారుల పక్షాన సాగింది. ఆ దృశ్యాలే 1945లో 'స్వేచ్ఛ కోసం' అనే డాక్యుమెంటరీ అయ్యాయి. 1948లో అదే అనుభవం నుంచి 'తోడేలు బొరియలు' అనే కథాచిత్రం వచ్చింది.

నా దృష్టిలో ఆయన పరిణతికి గుర్తు 1957 నాటి 'నలభై నలుగురు'. 1918 జూన్‌లో సెర్బియాలోని క్రగుయెవాత్స్‌లో ఆస్ట్రియా-హంగరీ సైన్యంలోని స్లొవాక్ సైనికులు తిరగబడ్డారు. వారిలో చాలామంది రష్యాలో యుద్ధఖైదీలుగా ఉండి, అక్కడి విప్లవాన్ని చూసి వచ్చినవారు. జూన్ 8న నలభై నలుగురిని కాల్చి చంపారు. శీర్షికలో పేరు లేదు, సంఖ్య ఉంది. కొండదొంగగా నటించినవాడు సమష్టిని కథానాయకుణ్ణి చేశాడు.

ఈ ప్రయాణం సరళరేఖ కాదు. 1959లో 'కెప్టెన్ దబాచ్' తీసి మళ్ళీ ఒంటరి మనిషి దగ్గరికి వచ్చాడు. కాని ఆ సైనికాధికారి మచ్చలేని వీరుడు కాడు, సొంత గాయాలతో సతమతమయ్యేవాడు. 1962–63లో యానొషీక్ కథనే రెండు భాగాలుగా తానే రాసి, దర్శకత్వం వహించాడు.

అయినా బియెలిక్ అనగానే జనానికి ముందు గుర్తొచ్చేది 1935 నాటి కొండదొంగ ముఖమే. ప్రజాస్మృతి ఒక్క ముఖాన్ని పట్టుకున్నంత తేలికగా నలభై నలుగురిని పట్టుకోదు. సమష్టి పోరాటాలను రాయబూనే మనం ఎదుర్కోవలసిన చిక్కు ఇదే. సిద్ధాంతం తెలిసినంత మాత్రాన అది విడిపోదు. ఆ నలభై నలుగురిలో ప్రతి ఒక్కరికీ ముఖం ఇవ్వగల శిల్పం కావాలి.