లారిసా షెపిట్కో: రెక్కలు, ఆరోహణ

సోవియట్ సినిమా అనగానే ఐసెన్‌స్టీన్, తార్కోవ్‌స్కీల పేర్లు వెంటనే స్ఫురిస్తాయి. లారిసా షెపిట్కోను తలచేవారు అరుదు.

1938లో ఉక్రెయిన్‌లో జన్మించిన ఈమె మాస్కో చలనచిత్ర విద్యాలయంలో డోవ్‌జెంకో శిష్యురాలు. ‘వేడిమి’ (1963) అనే చిత్రాన్ని కిర్గిజ్ మైదానాలలో తీస్తూ కామెర్ల పాలై, స్ట్రెచర్ మీద నుండే దర్శకత్వం వహించిందని చెబుతారు.

‘రెక్కలు’ (1966) కథానాయిక నదేజ్దా యుద్ధంలో విమానం నడిపిన వీరవనిత. శాంతికాలంలో ఆమె ఒక వృత్తివిద్యా పాఠశాలకు ప్రధానోపాధ్యాయురాలు. ఆజ్ఞాపించడం తెలుసు, పిల్లల మనసు మాత్రం చేతికందదు. పెంపుడు కూతురు సైతం దూరమవుతుంది. జీవితమంతా బడిలో గడిపిన నాకు ఈ చిత్రం ములుకులా గుచ్చుకొన్నది. యుద్ధవీరులను కీర్తించడమే రివాజైన దేశంలో, ఆ వీరుల ఒంటరితనాన్ని చూపడం సాహసమే సుమా!

మరుసటి యేడు ప్లతోనోవ్ కథ ఆధారంగా తీసిన ‘విద్యుత్తు జన్మభూమి’ని అధికారులు తొక్కిపెట్టారు. అది 1987లో గాని వెలుగు చూడలేదు.

‘ఆరోహణ’ (1977) నాజీల చేతికి చిక్కిన ఇద్దరు బెలారూస్ గెరిల్లాల కథ. సోత్నికోవ్ ఉరికంబమెక్కుతాడు. రిబాక్ ప్రాణభీతితో శత్రువుల కొలువులో చేరతాడు. పిదప తానే ఉరివేసుకోబోయి, అదీ సాధ్యపడక కుమిలిపోతాడు. ఆ యేడే బెర్లిన్ చలనచిత్రోత్సవంలో దీనికి స్వర్ణ భల్లూకం లభించింది.

1979 జులై 2న, వలెంతీన్ రస్పూతిన్ రచన ఆధారంగా కొత్త చిత్రం తీస్తూ, కారు ప్రమాదంలో సహచరులతో పాటు మరణించింది. అప్పటికామె వయస్సు 41. ఆ చిత్రాన్ని భర్త ఎలెమ్ క్లిమోవ్ ‘వీడ్కోలు’ పేరుతో పూర్తిచేశాడు.

‘ఆరోహణ’ను ఎలాగూ అందరూ చూడమంటారు. మిత్రులారా, ముఖ్యంగా ఉపాధ్యాయ మిత్రులారా, ముందు ‘రెక్కలు’ చూడండి.