హంపి వీథులలో నొక నడక

హంపికి బోవువారు ఎండ ముదురకమునుపే విరూపాక్షుని దర్శింపుడు. అందలి రంగమంటపమును కృష్ణదేవరాయలు 1510లో, తన పట్టాభిషేక సందర్భమున గట్టించెను. గోపురము వెడలి తూర్పుగా నడచినచో, వీథి కిరువైపుల ఱాతికంబముల యంగళ్లు మతంగపర్వతపాదమున నున్న యేకశిలానంది వఱకు సాగును. ఆ కంబముల నడుమ కాపురముండి వర్తకము చేసికొనువారి యిండ్లను 2011లో ప్రభుత్వమువారు కూల్పించిరి. శిథిలరక్షణ మవసరమే, కాని అంగడి యనగా ఱాళ్లు మాత్రమేనా?

హేమకూటము దాటి దక్షిణమునకు దిగుడు. అచ్చటి కృష్ణాలయము మన తెలుగువారు తప్పక చూడవలసినది. రాయలు 1514లో గజపతులనుండి నెల్లూరుసీమలోని యుదయగిరి దుర్గమును గెలిచి, అందలి బాలకృష్ణవిగ్రహమును గొనివచ్చి 1515లో నిచట ప్రతిష్ఠించెను. ఎదుట విశాలమైన యంగడివీథి, దాని చెంతనే పుష్కరిణి. గెలిచిన రాజు దుర్గముతో దనియక దేవునిగూడ దెచ్చుకొనెను. ఉదయగిరివారి మన సెట్లుండెనో చరిత్రకారులు వ్రాయలేదు.

1565లో తళ్లికోటయుద్ధానంతరము నగరము పాడుపడెను. విరూపాక్షునకు నేటికిని నిత్యపూజ కలదు. కృష్ణుని గర్భగృహము మాత్రము శూన్యము. ఆ బాలకృష్ణుడిపుడు చెన్నపురి మ్యూజియమున నున్నాడు. ఆయన ప్రతిష్ఠను దెలుపు శిలాశాసన మాలయముననే నిలిచియున్నది.