రాతిపని, వెలుతురు పని

జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి 2016 అక్టోబర్ 11న ఒకేరోజు జిల్లాలయ్యాయి. మూడింటిలోనూ ఎక్కువ భాగం పాత వరంగల్ జిల్లాదే. అన్నదమ్ముల పంపకాల్లో రామప్ప గుడి భూపాలపల్లి వాటాకు వచ్చింది. 2019 ఫిబ్రవరి 17న ములుగు వేరుపడితే అటు వెళ్లింది. గుడి మాత్రం పాలంపేటలో అంగుళం కదల్లేదు. కాబట్టి మన మూడు జిల్లాల పదేళ్ల సంచికలో దాని ముచ్చట రాయడానికి ఎవరి అనుమతీ అక్కర్లేదనుకుంటున్నాను.

రామప్ప అనగానే నీటిలో తేలే ఇటుకలు, ఇసుక పునాది అంటాం. రెండూ గొప్పవే. కానీ అక్కడ ఇంకో పనితనం ఉంది. దాని పేరు ఏ శాసనంలోనూ నాకు కనబడలేదు, నేనే వెలుతురు పని అని పిలుచుకుంటాను.

ఎండ పొద్దున తూర్పు మెట్లెక్కి లోపలికి అడుగు పెట్టండి. ముందు కళ్లు కమ్మినట్టు అవుతుంది. ఓ నిమిషం ఆగితే నల్లటి స్తంభం పక్కన తెల్లటి గీత ఒకటి తేలుతుంది. అది బయటి ఎండే, రాతి నునుపులో పడి నిలబడింది. రెండడుగులు పక్కకు జరిగితే గీతా మీతోపాటు జరుగుతుంది. ఆ గీత పక్కనే చెక్కిన నగల సందుల్లో దారం దూరేంత రంధ్రాలు కనబడతాయి. నునుపు చోట వెలుగు, సందులో చీకటి. ఈ రెండూ లేకపోతే ఆ చెక్కడం కంటికే ఆనదు.

ఇందులో మాయ లేదు, లెక్క ఉంది. గుడి ఒంటికి ఎర్ర ఇసుకరాయి వాడారు. అది గరుకు, మీద పడ్డ వెలుతురును నలుదిక్కులా చిమ్మేస్తుంది. నడిమండపం స్తంభాలకు, చూరు కింది మదనికలు అనే ఆడబొమ్మలకు మాత్రం గట్టి నల్లరాయి, ఇప్పటివాళ్లు డోలరైట్ అనేది, ఎంచుకున్నారు. అది ఉలికి తేలిగ్గా లొంగదు. లొంగాక ఓపికగా అరగదీస్తే అద్దంలా తేలుతుంది, పడ్డ వెలుతురును ఒకే వైపుకు మళ్లిస్తుంది. ఇక చూరు. నడినెత్తి ఎండను అది లోపలికి రానివ్వదు. నేల మీద పడి లేచిన వెలుతురు మాత్రం తూర్పు, ఉత్తర, దక్షిణ ముఖమండపాల గుండా, పొట్టి గోడల మీదుగా చొరబడుతుంది. నాట్యానికి పరిచిన గుండ్రటి రంగశిల, దాని చుట్టూ నాలుగు స్తంభాలు ఆ వెలుతురును అందుకుని పడమర వైపు గర్భగుడికి అందిస్తాయి. గర్భగుడికి వెళ్లే వాకిలి ఇరుపక్కలా రాతి జాలీలున్నాయి. రాయిని తొలిచి గాలికీ వెలుతురుకూ దారి వదిలారు. మొత్తంలో వెలుతురును పిలిచిన పని కన్నా ఆపిన పనే ఎక్కువ.

ఈ గుడి కట్టించింది కాకతీయ రాజు గణపతిదేవుడి సేనాని రేచర్ల రుద్రుడు. ఆవరణలోని శాసనం శక సంవత్సరం 1135 అంటుంది, అంటే 1213. దేవుడు రుద్రేశ్వరుడు. ఊరి నోట నిలిచింది మాత్రం శిల్పి రామప్ప పేరంటారు. తరవాత ఏడు వందల ఏళ్లకు నిజాం రాజ్యంలో 1914లో పురావస్తు శాఖ ఏర్పడింది. దాని తొలి అధిపతి గులాం యజ్దానీ 1922లో పాలంపేట గుళ్ల మీద పుస్తకం అచ్చు వేయించాడు. 2021 జులై 25న గుడి యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేరింది.

వెలుతురు పని లేకపోతే ఏమవుతుందో చూడాలంటే మన భూపాలపల్లి జిల్లాలోనే గణపురం కోటగుళ్లకు పోవాలి. రామప్ప నుంచి ఎంతో దూరం లేదు. రాతి ప్రాకారం లోపల గణపేశ్వరాలయం, దానితో కలిపి 22 గుళ్లు. కొన్నింటి కప్పు పడిపోయింది. అక్కడ ఎండ తిన్నగా నెత్తి మీంచి దిగుతుంది. అదే కాకతీయుల చెయ్యి, అదే నల్లరాయి, కానీ మధ్యాహ్నం పూట బొమ్మలన్నీ చప్పగా ఒక్కతీరుగా కనిపిస్తాయి. వెలుతురు ఎక్కువై శిల్పం తక్కువైంది. కప్పంటే వానకు అడ్డమే అనుకునేవాణ్ణి. అది చెక్కడంలో భాగమని నాకు కోటగుళ్లే నేర్పాయి.

మిగతా రెండు జిల్లాలకూ ఈ కథలో వాటా ఉంది. కాకతీయుల వంశక్రమం తెలిపే శాసనం మహబూబాబాద్ జిల్లా బయ్యారం చెరువు దగ్గరిది, వేయించింది గణపతిదేవుడి సోదరి మైలమ. జనగామ దగ్గర పెంబర్తి వాళ్లు ఇత్తడి రేకు మీద ఇప్పటికీ సుత్తీ ఉలీతో బొమ్మలు లేపుతారు. ఎత్తు మీద మెరుపు, పల్లంలో నలుపు. రాతిలో చూసిన లెక్కే ఇత్తడిలోనూ.

ఈమధ్య రామప్పకు పోయినప్పుడు గైడు ఒకాయన బొమ్మలు చూపించడానికి టార్చి వేశాడు. వేలెడంత నర్తకి తళుక్కుమంది, చుట్టూ ఉన్నదంతా మాయమైంది. బయటి నుంచి ఎవరో పిలిస్తే ఆయన టార్చి ఆర్పేసి వెళ్లాడు. నేను అక్కడే నిలబడ్డాను. కాసేపటికి స్తంభం పక్కన ఆ తెల్లటి గీత మళ్లీ తేలింది, దాని వెంట ఒక్కొక్కటిగా మండపంలోని నర్తకులంతా వచ్చారు.