బెర్లిన్ వీధి: తెర మీది సాక్ష్యం ఎంతవరకు నిలుస్తుంది?

వాల్టర్ రుట్‌మన్ తీసిన మూకీ చిత్రం ‘బెర్లిన్: మహానగర సింఫనీ’ 1927 సెప్టెంబరు 23న విడుదలైంది. ఐదు అంకాలు, గంటకు కాస్త పైబడిన నిడివి. కథ లేదు. తెల్లవారుజామున రైలు నగరంలోకి రావడంతో మొదలై రాత్రి వెలుగులతో ముగుస్తుంది. నాటి దైనందిన జీవితానికి ఆధారంగా దీన్ని చూపేవారు చాలామంది. అలా చూపడంలో ఎక్కడ ఆగాలన్నదే నా ప్రశ్న.

మొదటి అంకం చూడండి. గడియారంలో ఐదు. వీధిలో మనిషి లేడు. కాగితం ఒకటి గాలికి దొర్లిపోతుంది, పిల్లి దాటిపోతుంది, గుండ్రటి స్తంభానికి ఒకతను పోస్టర్లు అంటిస్తుంటాడు. తర్వాత ఒకరిద్దరు, ఆపైన గుంపులు గుంపులుగా పనికి బయలుదేరతారు. ఈ భాగం వరకు నాకు నమ్మకం ఎక్కువ. చిత్ర రూపకల్పనలో పాలుపంచుకున్న ఛాయాగ్రాహకుడు కార్ల్ ఫ్రాయిండ్, కెమెరాను వాహనాల్లోనూ పెట్టెల్లోనూ దాచి తీసినట్టు చెప్పాడు. మసక వెలుతురులోనూ బొమ్మ పడేలా ఫిల్మును రసాయనాలతో సిద్ధం చేశారు. జనం నడకలో, చూపులో కెమెరా ముందుండే బిగువు పెద్దగా లేకపోవడానికి కొంత కారణం ఇదే కావచ్చు.

అయితే తెర మీది ఆ ఒక్క రోజు నిజానికి ఒక రోజు కాదు. చిత్రీకరణ దాదాపు ఏడాది సాగింది. కాబట్టి ఏ గంటకు ఏ వీధిలో ఎంత రద్దీ ఉండేదో ఈ వరుసను బట్టి తేల్చలేం. ఆ వరుస కూర్పు బల్ల మీద పుట్టింది.

నాలుగో అంకంలో ఒక స్త్రీ వంతెన మీదినుంచి నీళ్లలోకి దూకుతుంది. ఇది నటింపజేసిన దృశ్యమని పరిశోధకులు సాధారణంగా ఒప్పుకుంటారు. చిత్రంలోనే దానికి ఆనవాలుంది: భయంతో విచ్చుకున్న ఆమె కళ్లు తెర నిండా కనిపిస్తాయి. చాటుగా దాచిన కెమెరాకు అంత దగ్గరి చూపు దొరకడం కష్టం.

సినీ విమర్శకుడు జీగ్‌ఫ్రీడ్ క్రకావర్ 1947 నాటి తన పుస్తకంలో ఈ చిత్రాన్ని గట్టిగానే తప్పుపట్టాడు. వీధిలో ఆకలిగొన్న పిల్లలు, ఆ వెంటనే రెస్టారెంటులో విందు వంటకాలు. ఈ పక్కపక్క అమరిక రూపం కోసమేగాని నిరసన కోసం కాదన్నాడు. ఆయన మాటలో న్యాయముంది. కానీ ఆ పిల్లల ముఖాలను, బట్టలను రుట్‌మన్ కూర్పునుంచి విడదీసి చూడొచ్చు, చూడాలి కూడా. పేదరికం ఎలా కనబడేదో వాటినుంచి కొంత తెలుస్తుంది. ఎందరిని పీడించేదో తెలియాలంటే కూలి లెక్కలు, అద్దె పత్రాలు, మునిసిపల్ దస్త్రాలు తిరగేయాల్సిందే.