క్త్వార్థకం: ముగిసిన పని, ముగియని వాక్యం

‘ఓడ విశాఖ రేవుకు చేరి, బొగ్గు దించి, ఇనుప ఖనిజం ఎత్తుకొని వెళ్ళింది’ అనే వాక్యంలో చేరడం, దించడం, ఎత్తుకోవడం అనే పనులు ముగిసినా, ‘వెళ్ళింది’ అనే క్రియ వచ్చేదాకా వాక్యం ముగియదు. ఇలా పని పూర్తయిందని చెబుతూనే మరో క్రియను ఆశించే రూపాన్ని తెలుగు వ్యాకరణం క్త్వార్థకమనీ, భూతకాలిక అసమాపక క్రియ అనీ వ్యవహరిస్తుంది.

పేరు పాణినీయం నుంచి వచ్చింది. ‘గత్వా’ (వెళ్ళి), ‘కృత్వా’ (చేసి) వంటి సంస్కృత రూపాలను సాధించే ప్రత్యయం ‘క్త్వా’. అందులోని కకారం ధాతువులోని అచ్చుకు గుణం రాకూడదని తెలిపే గుర్తు మాత్రమే కావడంతో, అది లోపించి ‘త్వా’ మిగులుతుంది. రెండు పనులకు కర్త ఒకటే అయినప్పుడు, ముందు జరిగిన పనిని తెలిపే ధాతువుకు ఇది చేరుతుందని అష్టాధ్యాయి నియమం. ఈ ‘క్త్వా’ అర్థమే గల తెలుగు రూపం క్త్వార్థకమైంది. తుమున్నర్థకం, శత్రర్థకం అనే పేర్లూ ఇదే తీరున ఏర్పడ్డాయి.

1858 నాటి బాలవ్యాకరణంలో పరవస్తు చిన్నయసూరి క్త్వార్థకపు చివరి ఇకారానికి సంధిని నిషేధించాడు. ‘వచ్చి’కి ‘ఇచ్చెను’ పరమైతే యడాగమం వచ్చి ‘వచ్చియిచ్చెను’ అవుతుందే తప్ప ఇకారం లోపించదు. పని పూర్తయిందన్న అర్థాన్ని మోసేది ఆ ఇకారమే కాబట్టి ఈ నిషేధం ఎంతో సమంజసం.

పేరు సంస్కృతానిదే గాని రూపం తెలుగుదే. ఆ ఇకారం మూలద్రావిడ భూతకాల ప్రత్యయాల్లో ఒకటి. తమిళ వ్యాకర్తలు క్రియతో పూర్తికావలసిన ఇలాంటి రూపాలను తమ మాటల్లోనే ‘వినైయెచ్చం’ అన్నారు. వాల్తేరులోని ఆంధ్ర విశ్వకళాపరిషత్తులో చదివి, అక్కడే బోధించిన భద్రిరాజు కృష్ణమూర్తి 1961లో వెలువరించిన గ్రంథం తెలుగు ధాతువులను సోదర భాషల ధాతువులతో పోల్చి, తెలుగు క్రియ చరిత్రను ద్రావిడ మూలాలపై నిలబెట్టింది.

అరువు తెచ్చుకున్న నిర్వచనం తెలుగుకు పూర్తిగా సరిపోదు కూడా. ‘వాన పడి చెరువులు నిండాయి’ అన్నప్పుడు పడినది వాన, నిండినవి చెరువులు. కర్తలు వేరైనా మొదటి పని రెండోదానికి కారణం కావడంతో తెలుగు చెవికి ఆ వాక్యం సహజంగానే వినిపిస్తుంది. వాడుక తెలుగు మరో అడుగు ముందుకు వేసింది. ‘తిని’ అనే క్త్వార్థకానికి ‘వేయు’ ధాతువు చేరి, విసరడమనే తన అర్థాన్ని వదులుకొని, పని పూర్తిగా ముగిసిందనే భావాన్ని మాత్రమే నిలుపుకొన్నప్పుడు ‘తినేసి’ ఏర్పడింది. విశాఖ, శ్రీకాకుళం ప్రాంతాల్లో అదే ‘తినీసి’గా వినబడుతుంది. ఇది క్త్వార్థకం మీద మళ్ళీ క్త్వార్థకం.