దత్తమండలం అంటే దత్తత కాదు

మాది ఉరవకొండ. చిన్నప్పుడు సోషల్ పుస్తకంలో 'దత్తమండలాలు' అన్న మాట చూసి, ఎవరో మమ్మల్ని దత్తత తీసుకున్నారు కాబోలు అనుకునేవాణ్ణి. దత్తత కాదు, బాకీ కింద జమ అని చాలా ఆలస్యంగా తెలిసింది.

సంగతేంటంటే, 1795లో ఖర్దా దగ్గర నిజాం అలీఖాన్ మరాఠాల చేతిలో ఓడిపోయాడు. ఆ భయం పోక, 1798లో ఈస్టిండియా కంపెనీతో సైన్య సహకార ఒప్పందం చేసుకున్నాడు. సైన్యం కంపెనీది, ఏడాదికి 24 లక్షల పైచిలుకు ఖర్చు నిజాంది. 1800 అక్టోబరు 12న ఇంకో ఒప్పందం. సైన్యం పెరిగింది. ఈసారి డబ్బుకి బదులు, 1792, 1799 యుద్ధాల తర్వాత టిప్పు రాజ్యంలోంచి తన వాటాకొచ్చిన సీమను కంపెనీకి రాసిచ్చేశాడు. అందులో మా గుత్తి, ఉరవకొండ వైపు ఊళ్లూ ఉన్నాయి.

నిజాం వైపు నుంచి చూస్తే లెక్క సరిగ్గానే ఉంది. నిన్నగాక మొన్న వచ్చిన నేల పోయింది, పాత రాజ్యం మిగిలింది. గవర్నర్ జనరల్ వెల్లస్లీకి ఇంకొకరి ఖర్చుతో సైన్యం దొరికింది. మన భాషలో చెప్పాలంటే క్లయింటూ హ్యాపీ, వెండరూ హ్యాపీ. బిల్లు కట్టేవాడు మాత్రం మీటింగులో లేడు.

"ఆ కాలంలో రైతునెవడు అడిగాడు బాబూ?" అంటారేమో. ఒప్పుకుంటా. అడగకపోవడం సరే, భారం ఎక్కువైందని తెలిశాక ఏం చేశారు? 1800 నుంచి 1807 దాకా ఇక్కడ పెద్ద కలెక్టరు థామస్ మన్రో. పాళెగాళ్లను అణిచి, పొలాలు కొలిపించి, శిస్తు కట్టిందీ ఆయనే. వెళ్లేముందు ఆయనే శిస్తు నాలుగో వంతు తగ్గించమన్నాడు. పైవాళ్లు వినలేదు, ఊళ్లను గుత్తకిచ్చారు. ఆయన మద్రాసు గవర్నరయ్యాక, 1820లో గానీ ఆ తగ్గింపు రాలేదు. వాన నమ్మకం లేని నేల మీద పదమూడేళ్లు!

యుద్ధ భయంలో తొందరపడి సంతకం పెట్టడాన్ని నేను క్షమించగలను. భయం తీరాక కూడా, సంతకం పెట్టనివాడి దగ్గరే వసూలు చేయడాన్ని మాత్రం క్షమించలేను. ఏ దేశం ఏ ఒప్పందం చేసుకున్నా నేను ముందు చూసేది ఇదే: ఖర్చు ఎవరిది? అది ఎక్కువైందని చెబితే వినే నాథుడున్నాడా?

అన్నట్టు, 'దత్త' అన్న పేరు వద్దని 1928లో నంద్యాల సభలో 'రాయలసీమ' అని పెట్టుకున్నాం. 128 ఏళ్ల తర్వాత మమ్మల్ని మేము అడిగి తీసుకున్న నిర్ణయం అది.