ఎవరి యాస తెరకెక్కింది? బ్రిటిష్ సినిమాలో గొంతుల కథ



పోయిన వారం మా సెకండియర్ పిల్లలకి సెమినార్ పెట్టాను. శ్రీకాకుళం అవతల పల్లె నుంచి వచ్చిన ఒకమ్మాయి పేపరు చదవడానికి లేచింది. రెండు వాక్యాలు చదివిందో లేదో వెనక బెంచీ నుంచి కిసుక్కుమని నవ్వు. ఆ పిల్ల కాగితాలు మడిచి కూర్చుండిపోయింది. సాయంత్రం వరండాలో కనిపిస్తే, ఎందుకమ్మా ఆపేశావు అన్నాను. "నా మాట సినిమాలో కమెడియన్ మాటలాగుంటాది సార్. నవ్వరా మరి?" అంది.

తెలుగు సాహిత్యంలో డాక్టరేట్ చేసినవాణ్ణి. మాండలికాల గురించి గంటలు గంటలు పాఠాలు చెప్పినవాణ్ణి. ఆ పిల్ల ఒక్క వాక్యంలో చెప్పేసింది. నవ్విన పిల్లలు చెడ్డవాళ్ళేం కాదు. ఎక్కడ నవ్వాలో వాళ్ళకి తెర నేర్పింది. హీరోకి ఒక తెలుగు, వంటవాడికి ఒక తెలుగు, రౌడీకి ఇంకో తెలుగు. ఈ పంపకం మన దగ్గరే పుట్టిందనుకుంటాం గానీ సినిమాకి మాటలొచ్చిన తొలి రోజుల నుంచీ ఇంగ్లండులోనూ ఉంది. అక్కడ దాని మీద పోరాటం కూడా నడిచింది. ఈ వారం ఆ కథ చెప్పుకుందాం. పొడుగ్గానే ఉంటుంది, అలవాటేగా మీకు.

1929. హిచ్‌కాక్ 'బ్లాక్‌మెయిల్' తీస్తున్నాడు. మూకీగా మొదలుపెట్టి మధ్యలో టాకీ చేశారు. బ్రిటన్ తొలి టాకీల్లో పేరున్నది ఇదే. కథానాయిక లండన్‌లో ఒక చిన్న దుకాణదారు కూతురు. ఆ వేషం వేసిన ఆనీ ఓండ్రా చెక్ దేశపు నటి, ఆమె ఇంగ్లీషులో ఆ దేశపు యాస వినిపిస్తుంది. ఇప్పటిలా తర్వాత డబ్బింగ్ చెప్పించే వీలు అప్పటికి లేదు. ఏం చేశారో తెలుసా? జోన్ బ్యారీ అనే నటిని కెమెరాకి కనపడకుండా పక్కన నిలబెట్టారు. ఆమె మైకులో మాట్లాడుతుంటే ఓండ్రా పెదవులు కదిపింది. ఇందులో తమాషా ఏమిటంటే, విదేశీ యాస పోయింది సరే, దాని చోట వచ్చింది దుకాణదారు కూతురి యాస కాదు. బ్యారీది పెద్దింటి ఇంగ్లీషు. నాన్న కొట్టు నడుపుతాడు, కూతురు దొరసానిలా మాట్లాడుతుంది. అలా తెర మీద బొమ్మ ఒకరిది, గొంతు ఇంకొకరిది అయింది.

ఆ మీదట పదేళ్ళు బ్రిటిష్ తెర మీద గౌరవంగా మాట్లాడాలంటే లండన్ నాటకశాలల ఇంగ్లీషు, బీబీసీ ఇంగ్లీషు మాట్లాడాల్సిందే. మరి ఉత్తరాది మిల్లు ఊళ్ళ జనం తెర మీద లేరా? ఉన్నారు. గ్రేసీ ఫీల్డ్స్ అని రోచ్‌డేల్ పిల్ల, చిన్నప్పుడు నూలు మిల్లులో పనిచేసింది. జార్జ్ ఫార్మ్‌బీ విగన్‌ వాడు. ముప్పైలలో దేశం మొత్తం మీద వీళ్ళని మించి జనం మెచ్చిన తారలు లేరు. ఇద్దరూ లాంకషైర్ యాసలోనే మాట్లాడారు. కాకపోతే ఒక షరతు: నవ్వించాలి, పాడాలి. 1934లో వచ్చిన 'సింగ్ యాజ్ వుయ్ గో' చూడండి. మిల్లు మూతపడుతుంది. గ్రేసీ సైకిలెక్కి, పని వెతుక్కుంటూ సముద్రపు ఒడ్డున ఉన్న బ్లాక్‌పూల్ వెళ్తుంది. చిన్నాచితకా పనులు చేస్తుంది, నవ్విస్తుంది. చివర్లో మిల్లు తెరుస్తారు, కార్మికులందరూ పాడుకుంటూ లోపలికి వెళ్తారు. మిల్లు ఎందుకు మూతపడిందని ఎవరూ అడగరు. ఈ బ్లాక్‌పూల్‌ని కాస్త గుర్తుపెట్టుకోండి.

అడిగినవాళ్ళకి ఏమైందో చెప్తాను. వాల్టర్ గ్రీన్‌వుడ్ సాల్‌ఫర్డ్ మురికివాడలో పుట్టినవాడు. 1933లో 'లవ్ ఆన్ ది డోల్' అని నవల రాశాడు. పని పోయి, ప్రభుత్వం విదిల్చే భృతి మీద బతికే కుటుంబం కథ. అప్పట్లో ఆ దేశంలో నిరుద్యోగులు దాదాపు 30 లక్షలు. నవల జనంలోకి వెళ్ళింది, నాటకమై ఇంకా వెళ్ళింది. 1936లో సినిమా తీద్దామని స్క్రిప్టు తీసుకెళ్తే సెన్సార్ బోర్డు కుదరదంది. నిరుద్యోగులూ పోలీసులూ తలపడే దృశ్యం వాళ్ళకి నచ్చలేదు. గమనించండి, నాటకంగా ఆడితే తప్పులేదు, సినిమాగా వస్తేనే తప్పు. నాటకం చూసేవాళ్ళు వేరు, సినిమా చూసేవాళ్ళు వేరు. భయం కథంటే కాదు, చూసేవాళ్ళంటే.

ఆ బోర్డు సర్కారుది కూడా కాదు. 1912లో సినిమా వ్యాపారులే పెట్టుకున్నది. దాని అధ్యక్షుడు టి.పి. ఓ'కానర్ హయాంలో, ఏవేవి చూపకూడదో 43 అంశాల జాబితా తయారైంది. అందులో పెట్టుబడికీ శ్రమకీ ఉండే సంబంధం ఒకటి. ఇండియాలో బ్రిటిష్ అధికార్లని చెడుగా చూపడం ఇంకొకటి. మిల్లు కార్మికుడూ, వలస దేశపు మనిషీ ఒకే జాబితాలో పక్కపక్కన నిలబడ్డారు. ఇది నేను కష్టపడి కలిపిన పోలిక కాదు, వాళ్ళే కలిపి పెట్టారు. 1937లో లార్డ్ టిరెల్ అనే అధ్యక్షుడైతే, లండన్‌లో ఆడుతున్న సినిమాల్లో నేటి మండే సమస్యల మీద ఒక్కటీ లేదని గర్వంగా చెప్పుకున్నాడు. 'లవ్ ఆన్ ది డోల్' సినిమాగా వచ్చింది 1941లో. అప్పటికి యుద్ధం. సైన్యానికీ ఫ్యాక్టరీలకీ మనుషులు కావాలి, కాబట్టి పేదవాడి బాధ తెర మీదకి రావచ్చు. పైగా అదంతా పాత రోజుల సంగతని చెప్పుకోవచ్చు.

ఈ గోడకి ఒక చిన్న కిటికీ డాక్యుమెంటరీ వైపు తెరుచుకుంది. 1935లో 'హౌసింగ్ ప్రాబ్లమ్స్' అని పావుగంట సినిమా తీశారు. డబ్బు పెట్టింది గ్యాస్ కంపెనీల సంఘం. కొత్త ఇళ్ళు కడితే గ్యాస్ అమ్ముడవుతుందని వాళ్ళ లెక్క. లెక్క ఏదైనా కానీ, తూర్పు లండన్ మురికివాడ జనం తమ ఇళ్ళలో నిలబడి, కెమెరా వైపు చూస్తూ, తమ యాసలో మాట్లాడారు. ఒకావిడ ఇంట్లో దూరిన ఎలుక సంగతి చెప్తుంది, వింటే ఒళ్ళు జలదరిస్తుంది. చెప్పే తీరు మాత్రం మా నాయనమ్మ కథ చెప్పినట్టే ఉంటుంది. వాళ్ళని ఒప్పించి మాట్లాడించింది రూబీ గ్రియర్సన్. డాక్యుమెంటరీ ఉద్యమ పితామహుడని అన్ని పుస్తకాలూ పొగిడే జాన్ గ్రియర్సన్ చెల్లెలు. కెమెరా మీదే, మైకు మీదే, ఈ వెధవలకి మీ బతుకేంటో చెప్పండి అని అందట. టైటిల్స్‌లో దర్శకులుగా ఇద్దరు మగాళ్ళ పేర్లున్నాయి.

గొంతు ఇచ్చినంత మాత్రాన సరిపోదని పాల్ రోబ్సన్‌కి తెలిసొచ్చింది. బానిసత్వం నుంచి పారిపోయి వచ్చిన తండ్రికి పుట్టిన నల్లజాతి గాయకుడు, నటుడు. అమెరికాలో దొరకని వేషాలు ఇక్కడ దొరుకుతాయని వచ్చాడు. 1935లో 'శాండర్స్ ఆఫ్ ది రివర్'లో ఆఫ్రికన్ నాయకుడిగా వేశాడు. ఆఫ్రికా సంస్కృతిని గౌరవంగా చూపే సినిమా అనుకున్నాడు. తీరా తయారయ్యాక చూస్తే తెల్ల అధికారి గొప్పతనం మీద భజన. గొంతు ఆయనదే, ఎడిటింగ్ టేబుల్ కోర్డా సోదరులది. ఆ సినిమాని ఆయన తర్వాత తనది కాదని తోసిపుచ్చాడు. అదే సినిమాలో గుంపులో ఒకడిగా జోమో కెన్యాట్టా ఉన్నాడు, తర్వాత కెన్యాకి తొలి అధ్యక్షుడైనవాడు.

రోబ్సన్ ఇష్టపడ్డ సినిమా వేరే ఉంది. 1940 నాటి 'ది ప్రౌడ్ వ్యాలీ'. ఓడలో పనిచేసి వచ్చిన ఒక నల్లవాడు వేల్స్ బొగ్గుగనుల లోయకి చేరతాడు. గని కార్మికుల బృందగానం సాధన జరుగుతుంటే కింద వీధిలోంచి గొంతు కలుపుతాడు. ఆ గొంతు వినే వాళ్ళు ఆయన్ని కలుపుకుంటారు. నల్లవాడితో పనేంటని ఒకడు గొణిగితే, గనిలోకి దిగాక మనమందరం నల్లవాళ్ళమే కదా అని ఇంకొకడు నోరు మూయిస్తాడు. ముందు అనుకున్న ముగింపులో కార్మికులే గనిని నడుపుకోవాలి. యుద్ధం రాగానే యజమానితో రాజీగా మార్చారు. అయినా వేల్స్ గని కార్మికులు రోబ్సన్‌ని మర్చిపోలేదు. 1950లో అమెరికా ప్రభుత్వం ఆయన పాస్‌పోర్టు లాక్కుంది. 1957లో పోర్త్‌కాల్‌లో గని కార్మికుల సంగీతోత్సవానికి రాలేకపోతే, సముద్రం కింది టెలిఫోన్ తీగ మీద ఆయన పాడాడు, వేల మంది విన్నారు. సినిమా చరిత్రలో ఇది రాయరు గానీ నాకు ఇదే పెద్ద సంఘటన.

అరవైల 'న్యూ వేవ్' గురించి ఇప్పటికే చాలామంది రాశారు కాబట్టి త్వరగా దాటేస్తాను. 1960లో 'సాటర్‌డే నైట్ అండ్ సండే మార్నింగ్'. అలన్ సిల్లిటో నవల. పద్నాలుగేళ్ళకే సైకిల్ ఫ్యాక్టరీలో పనికి చేరిన రచయిత, తన ఊరి నాటింగ్‌హామ్ కార్మికుడి కథ రాశాడు. ఆల్బర్ట్ ఫిన్నీ సాల్‌ఫర్డ్ వాడు, ఉత్తరాది యాసతోనే హీరో అయ్యాడు. నవ్వించే పనిలేదు, పాట పాడే పనిలేదు. అది చిన్న మార్పు కాదు. కానీ దర్శకుల్ని చూడండి: కారెల్ రైస్ కేంబ్రిడ్జి, టోనీ రిచర్డ్‌సన్ ఆక్స్‌ఫర్డ్, లిండ్సే ఆండర్సన్ ఆక్స్‌ఫర్డ్. ఆండర్సన్ పుట్టింది మన బెంగళూరులో, సైనికాధికారి కొడుకు. వాళ్ళ నిజాయితీని శంకించను. కానీ గుట్ట మీద నిలబడి కింద ఫ్యాక్టరీ ఊరిని చూసే షాటు ఆ సినిమాల్లో పదే పదే వస్తుంది. కింద బతికేవాడికి ఊరు అలా కనపడదు.

నా మనసులో నిలిచింది 1969 నాటి 'కెస్'. గని కార్మికుడి కొడుకైన బ్యారీ హైన్స్ నవల, కెన్ లోచ్ దర్శకత్వం. బిల్లీ అనే పిల్లాడుగా నటించిన డేవిడ్ బ్రాడ్లీ ఆ బార్న్‌స్లీ ఊరి బడిపిల్లాడే. బిల్లీకి చదువు మీద శ్రద్ధ లేదని అందరి లెక్క. వాడు డేగని పెంచాలనుకుంటాడు. దాని మీద పుస్తకం కోసం లైబ్రరీకి వెళ్తే సభ్యత్వం లేదు, ఇంట్లో పెద్దల సంతకం కావాలంటారు. చివరికి కొట్టులో పుస్తకం దొంగిలిస్తాడు! పుస్తకానికీ పిల్లాడికీ మధ్య ఒక సంతకం. మనలో ఎంతమందికి ఈ అనుభవం లేదు?

ఆ తర్వాత తరగతి గది దృశ్యం. ఇంగ్లీషు మాస్టారు ఏదైనా నిజం చెప్పమంటాడు. బిల్లీ లేవడు. బలవంతం మీద లేచి, డేగని ఎలా మచ్చిక చేశాడో మొదలుపెడతాడు. దాని కాళ్ళకి కట్టే తోలు పట్టీలకి ఏమంటారో, తాడు ఎలా ముడేస్తారో, మొదటిసారి తాడు లేకుండా వదిలినప్పుడు తన గుండె ఎలా కొట్టుకుందో అన్నీ చెప్తాడు. వాడి యార్క్‌షైర్ యాసలోనే. క్లాసు మొత్తం నిశ్శబ్దం. మాస్టారికి తెలియని మాటలు వాడికి తెలుసు. ఎవరు ఎవరికి పాఠం చెప్తున్నారు? నేను ఈ దృశ్యం చూసిన ప్రతిసారీ ఒక పంతులుగా సిగ్గుపడతాను. ఈ సినిమాని అమెరికాకి పంపేటప్పుడు యాస అర్థం కాదని కొన్ని మాటలు మళ్ళీ డబ్ చేశారు. 'బ్లాక్‌మెయిల్' అయి నలభై ఏళ్ళయినా అదే తంతు.

ఇప్పుడు ఇంకో ముడి. యాస సరిగ్గా ఉండి, చర్మం 'సరిగ్గా' లేకపోతే? ట్రినిడాడ్‌లో పుట్టిన హొరేస్ ఓవె తీసిన 'ప్రెషర్' అడిగింది అదే. బ్రిటన్‌లో ఒక నల్లజాతి దర్శకుడు తీసిన తొలి పూర్తి నిడివి కథాచిత్రం. టోనీ అనే కుర్రాడు లండన్‌లో పుట్టాడు, లండన్ ఇంగ్లీషే మాట్లాడతాడు, మార్కులున్నాయి. ఆఫీసు ఉద్యోగానికి ఇంటర్వ్యూకి వెళ్తాడు. లోపలికి రాగానే వాళ్ళ ముఖాలు మారతాయి. అక్కడి నుంచి వాడి కళ్ళు తెరుచుకుంటాయి. స్క్రిప్టులో ఓవెతో చేయి కలిపింది శామ్యూల్ సెల్వన్. ఆయన తండ్రి మద్రాసు నుంచి ట్రినిడాడ్ చేరిన మనిషి. సెల్వన్ 1956 నాటి నవల 'ది లోన్లీ లండనర్స్'లో పాత్రలే కాదు, కథ చెప్పే గొంతు కూడా కరీబియన్ ఇంగ్లీషే. సంభాషణల్లో మాండలికం పెట్టి, కథనం మాత్రం శిష్ట భాషలో నడిపే మన రచయితలు దీన్ని చదవాలి. 'ప్రెషర్'కి డబ్బిచ్చింది బ్రిటిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్. 1975లో తయారైంది. పోలీసుల దౌర్జన్యం చూపించినందుకు మూడేళ్ళ దాకా మామూలు విడుదలకి నోచుకోలేదు.

1981లో బ్రిక్స్‌టన్ భగ్గుమంది. 1982 నవంబరులో ఛానల్ 4 మొదలైంది. ఈ రెండిటికీ సంబంధం లేదని ఎవరైనా అంటే నేను నమ్మను. అదే ఏడాది సినిమా కార్మికుల యూనియన్, ఛానల్ 4, ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ కలిసి ఒక ఒప్పందం చేసుకున్నాయి. చిన్న చిన్న బృందాలు లాభం కోసం కాకుండా, జీతాలు తీసుకుంటూ, తమ ప్రాంతంలో ఉండి సినిమాలు తీసుకోవచ్చు. నేను 'ప్రతిభ' అనే మాట వినగానే ఈ ఒప్పందాన్ని గుర్తుచేసుకుంటాను. జీతం, కెమెరా, ఎడిటింగ్ గది దొరికాకే కొత్త పేర్లు వచ్చాయి. సంకోఫా, సెడ్డో, బ్లాక్ ఆడియో ఫిల్మ్ కలెక్టివ్.

బ్లాక్ ఆడియో తీసిన 'హ్యాండ్స్‌వర్త్ సాంగ్స్' 1986లో వచ్చింది, దర్శకుడు జాన్ అకోంఫ్రా. బర్మింగ్‌హామ్‌లో ముందటేడు జరిగిన అల్లర్ల మీద. టీవీ వార్తల ముక్కలు, పాత ఫిల్ములు, వలస వచ్చినవాళ్ళ ఫొటోలు కలిపి అల్లారు. దాని మీద రష్దీ ఒక పత్రికలో విరుచుకుపడ్డాడు, హ్యాండ్స్‌వర్త్ జనం కథలు ఇందులో వినపడట్లేదని. జమైకా నుంచి వచ్చిన స్టువర్ట్ హాల్ జవాబిచ్చాడు: పాత భాషలో చెప్పలేనిదాన్ని చెప్పడానికి వీళ్ళు కొత్త భాష వెతుకుతున్నారు, అది చూడవా అని. నేను హాల్ వైపే. కానీ రష్దీ ప్రశ్న ఊరికే పోయేది కాదు. ఎలుక సంగతి చెప్పిన ఆ తూర్పు లండన్ ఆవిడ గుర్తొస్తుంది నాకు. అన్నట్టు ఈ సినిమాకి వచ్చిన అవార్డు జాన్ గ్రియర్సన్ పేరు మీదిదే.

ఇక బ్లాక్‌పూల్. గ్రేసీ ఫీల్డ్స్ సైకిల్ మీద వెళ్ళిన దాదాపు అరవై ఏళ్ళకి, 1993లో, బర్మింగ్‌హామ్ నుంచి ఒక మినీ బస్సు అదే ఊరికి బయల్దేరింది. 'భాజీ ఆన్ ది బీచ్'. గురీందర్ చడ్డా దర్శకత్వం, మీరా స్యాల్ రచన, ఛానల్ 4 డబ్బు. బస్సు నిండా పంజాబీ ఆడవాళ్ళు, మూడు తరాల వాళ్ళు. చీరలో వచ్చిన పెద్దావిడ పంజాబీ కలిపిన ఇంగ్లీషు మాట్లాడుతుంది. బర్మింగ్‌హామ్ యాస తప్ప ఇంకోటి రాని ఆడపిల్లలు అబ్బాయిల కోసం తీరమంతా చూస్తుంటారు. భర్త కొడుతుంటే ఇల్లు విడిచి వచ్చిన ఒకామె, నల్లజాతి కుర్రాడి వల్ల గర్భవతి అయిన ఒక విద్యార్థిని. ఆ సంగతి బయటపడగానే పెద్దావిడల నోటి వెంట వచ్చే మాటలు వినాలి. తెల్లవాడి చేతిలో వివక్ష అనుభవించిన నోళ్ళే అవి. చడ్డా వాళ్ళని దాచలేదు, కాపాడలేదు. కొట్టే భర్తనీ దాచలేదు.

నిన్న ఆ శ్రీకాకుళం పిల్లకి 'కెస్' ఇచ్చాను, పెన్‌డ్రైవ్‌లో. ఇంగ్లీషు సబ్‌టైటిల్స్ ఉన్నాయి, చదువుకుంటూ చూడమన్నాను. సోమవారం ఆ సెమినార్ పేపరు మళ్ళీ ఉంది. మొదట తనే చదువుతానంది.